ఇరవై రెండు మెట్లు

సీగ్రూన్ వెట్సెల్ పోయినప్పుడు మా ఊరి పేపరు నాలుగో పేజీలో బొటనవేలంత ఫొటో వేసి, కింద ‘టీవీ నటి కన్నుమూత’ అని రాసింది. అది చదివి నాకు ఒళ్లు మండింది. పదిహేనేళ్లు ఈ ఊరి నాటకశాలలో గొంతు అరగదీసుకున్న మనిషి. రాణిగా చేసింది, బట్టలుతికే ముసలమ్మగా చేసింది, క్రిస్మస్‌కి పిల్లల నాటకంలో మంత్రగత్తె వేసి మా అక్క మనవరాలిని కుర్చీ కిందికి దూరేలా చేసింది. అవన్నీ ఎటో పోయి, టీవీలో శవంగా పడుకున్న మూడు నిమిషాలు మిగిలాయి. పేపరువాళ్లకి ఫోన్ చేసి తిట్టాను. ఫోన్ ఎత్తిన అమ్మాయి ఓపిగ్గా అంతా విని, "ఇంతకీ మీరు ఆవిడకి ఏమవుతారండీ?" అంది. ఫోన్ పెట్టేశాను.

నేను ఏమీ కాను. నటీనటులు లోపలికొచ్చే వెనక గుమ్మం దగ్గర ముప్పై ఒక్క ఏళ్లు కాపలా కూర్చున్నవాణ్ణి. పేరు ఎగోన్. గాజు కిటికీ వెనక ఒక కుర్చీ, తాళాల బోర్డు, ఉత్తరాల అరలు, ఒక మైకు, గోడకి ఒక చిన్న స్పీకరు. అదీ నా రాజ్యం. స్టేజీ మీద జరిగేదంతా ఆ స్పీకర్లో వినిపిస్తుంది. ఎవరి వంతు ఎప్పుడొస్తుందో తెలియడానికి పై అంతస్తులో మేకప్ గదులన్నిట్లోనూ అలాంటివే ఉంటాయి. నేను గుమ్మం వదిలి కదలకూడదు కనక సీగ్రూన్ నటనని చూసింది తక్కువ, విన్నదే ఎక్కువ. ఆమె చెప్పుల చప్పుడు వింటే చాలు, ఈ రోజు ఏ నాటకమో, ఎన్నో అంకమో చెప్పగలిగేవాణ్ణి.

ఆమె మా ఊరు వచ్చింది ఎనభై తొమ్మిది ఆగస్టులో. చేతిలో రెండు పెట్టెలు, వెనక రైల్వే కూలీ మోసుకొస్తున్న ఒక కుట్టుమిషను. కిటికీలోంచి మొహం చూడగానే గుర్తుపట్టాను. మా తూర్పు జర్మనీలో గుర్తుపట్టనివాళ్లు లేరప్పుడు. బెర్లిన్ టీవీలో శుక్రవారం సాయంత్రాలు ఒక సీరియల్ వచ్చేది, అందులో ట్రాము నడిపే మనిషి ఆమె. అది వస్తున్నంతసేపూ మా ఇంటావిడ ఇల్జె పొయ్యి మీద బంగాళాదుంపలు మాడినా లేచేది కాదు. అలాంటి మనిషి మా ఊళ్లో, ఈ చిన్న నాటకశాలకి ఎందుకొచ్చిందో ఎవరూ అడగలేదు. అడగకపోవడం అప్పట్లో మా అందరికీ అలవాటు.

సంగతి ఆమే చెప్పింది, చాలా రోజుల తర్వాత. ఆ వసంతంలో ఆమె భర్త, మేనత్త డెబ్బయ్యో పుట్టినరోజుకని అనుమతి తీసుకుని పశ్చిమ జర్మనీలోని హాంబుర్గ్ వెళ్లాడు. అటునుంచి అటే ఉండిపోయాడు. పారిపోయినవాడి భార్య మొహం శుక్రవారం సాయంత్రం దేశమంతటికీ చూపించడం కుదరదన్నారు పైవాళ్లు. సీరియల్లో ట్రాము నడిపే మనిషి సెలవు పెట్టి సముద్రం చూడ్డానికి వెళ్లింది, ఇక తిరిగి రాలేదు. ఆమెని మా ఊరికి తోసేశారు. అది జరిగిన మూడు నెలలకి సరిహద్దు గోడే పడిపోయింది.

"ఆరు నెలలు ఆగలేకపోయాడు, వెధవ," అనేది సీగ్రూన్. నవ్వుతూనే అనేది.

గోడ పడిన వారానికి తనూ హాంబుర్గ్ వెళ్లింది, మర్నాడే వచ్చేసింది. తాళంచెవి ఇస్తూ ఎలా జరిగిందని అడిగాను.

"వాడింటి తలుపు మీద రెండు పేర్లున్నాయి, ఎగోన్. రెండోది నాది కాదు."

అంతే. ఆ సాయంత్రం హాస్యనాటకం. స్పీకర్లో జనం పొట్ట చెక్కలయ్యేలా నవ్వడం విన్నాను. మరో రెండేళ్లకి బెర్లిన్ టీవీనే మూసేశారు. తిరిగి వెళ్దామన్నా ఆమెకి అక్కడ ఏమీ మిగల్లేదు. అలా మా ఊరే ఆమె ఊరయింది.

మా నాటకంవాళ్లకి ఒక ఆనవాయితీ ఉంది. కొత్త నాటకం మొదటి రోజున, ఒకరి ఎడమ భుజం మీదుగా మరొకరు మూడుసార్లు తూతూమని ఉమ్మినట్టు చేసి ‘తోయ్ తోయ్ తోయ్’ అంటారు, దిష్టి తీసినట్టు. అన్నవాళ్లకి థాంక్స్ మాత్రం చెప్పకూడదు. చెబితే ఆ శుభమంతా అక్కడికక్కడే ఆవిరైపోతుందని నమ్మకం. కొత్తగా వచ్చిన పిల్లలు మర్యాదకి పోయి నోరు జారుతుంటారు, అందరి చేతా తిట్లు తింటుంటారు. సీగ్రూన్ ఒక్కసారి కూడా నోరు జారలేదు. మొదటి రోజున మేకప్ గదికి వెళ్లే ముందు నా కిటికీ దగ్గర ఆగి భుజం వంచేది. నేను అనేవాణ్ణి. పెదవులు బిగించి, నా వైపు చూడకుండా మెట్లెక్కేది.

ఒకసారి రెండడుగులు వేసి వెనక్కొచ్చింది. "ఏం ద్వారపాలకా, ఇవాళ ఉమ్మకుండా ఊదావేంటి? జలుబా?"

"కొత్త కోటు కదండీ, పాడవుతుందని."

"కోటు పోతే ఇంకోటి కుట్టుకుంటా. నాటకం పోతే నీ ప్రాణం తీస్తా. మళ్లీ చెయ్యి."

మళ్లీ చేశాను. ఆ ‘అండీ’, ‘గారూ’ మానెయ్యమని పదిహేనేళ్లూ పోరింది. మిగతావాళ్లందరితో నువ్వు, నువ్వు అనే నాకు ఆమె దగ్గర మాత్రం నోరు తిరిగేది కాదు. శుక్రవారాల ట్రాము ఎక్కడో అడ్డం వచ్చేది.

ఇక అక్టోబరు సంగతి చెప్పాలి. అది తెలియకపోతే ఈ కథ తెలియదు.

నటులకి మా దగ్గర ఒప్పందం ఒక ఏడాదికే. మరుసటి ఏడు వద్దనుకుంటే డైరెక్టరు ఆ ముక్క కాగితం మీద రాసి పంపాలి. మా నాటకశాలలో దానికి గడువు అక్టోబరు ముప్పై ఒకటి. ఆ తేదీలోపు కాగితం మనిషి చేతికి అందకపోతే మరో ఏడాది భద్రం. అలా గీత దాటుతూ దాటుతూ ఒకేచోట పదిహేనేళ్లు పూర్తిచేస్తే ఇక ఆ మనిషిని కదపడానికి ఎవరికీ హక్కుండదు, ముసలితనం దాకా చోటు ఖాయం. అందుకే ఏ డైరెక్టరైనా పధ్నాలుగో ఏడో, పదిహేనో ఏడో వచ్చేసరికి మనిషిని సాగనంపుతాడు. అది చెడ్డవాళ్లు చేసే పని కాదు. అందరూ చేసే పని.

కాబట్టి అక్టోబరు వస్తే మావాళ్ల వేషాలు చూడాలి. ఒకడు ఏటా పదిహేనో తారీకున జ్వరం తెచ్చుకునేవాడు. ఒకడు నా గుమ్మంలోకి రాకుండా సెట్టు సామాను దించే పెద్ద తలుపులోంచి దూరేవాడు. ఇంకొకావిడ ఇంటి దగ్గర ఉత్తరాల పెట్టెకి టేపు అంటించేసింది. ఆఫీసువాళ్లు కాగితం పట్టుకొచ్చి "ఫలానా వాళ్లున్నారా?" అంటే, "ఇప్పుడే వెళ్లారండీ" అనేవాణ్ణి నేను. ఆ ఫలానా మనిషి నా కుర్చీ వెనకే నక్కి ఉండేది. నా అబద్ధాలతో గట్టెక్కినవాళ్లు ముగ్గురున్నారు. ఇప్పటికీ క్రిస్మస్‌కి కార్డులు పంపుతారు.

రెండు వేల మూడో సంవత్సరం సీగ్రూన్‌కి పదిహేనో ఏడు. వయసు యాభై ఒకటి. ఆ వయసు ఆడవాళ్లకి మా నాటకాల్లో ఉండేవి ఒక తల్లి, ఒక దాసి, ఒక దెయ్యం. ఇక్కడ తీసేస్తే ఇంకే ఊళ్లోనూ తీసుకోరని ఆమెకీ తెలుసు, నాకూ తెలుసు. ఆ అక్టోబరు ముప్పై ఒకటి దాటితే చాలు. ఆ ఒక్కటే.

ఆ ఆగస్టులోనే డైరెక్టరు మారాడు. హోల్ట్‌కాంప్ అని, పశ్చిమాన రైన్ నది అవతలి నుంచి వచ్చిన పెద్దమనిషి. మెత్తటి గొంతు. ప్రతి ఒక్కరికీ చెయ్యి కలిపి పేరడిగేవాడు, మర్నాడు మళ్లీ అడిగేవాడు. అక్టోబరు మధ్యలో సీగ్రూన్‌ని మాట్లాడాలని పిలిచాడు. ఆమె కిందికి దిగొచ్చి నా కిటికీ గట్టు మీద మోచేతులు పెట్టుకుంది.

"ఏమన్నాడండీ?"

"ఇంకా ఏమీ అనుకోలేదట. నా కళాప్రయాణం గురించి నన్నే ఆలోచించుకోమన్నాడు."

"అంటే?"

"అంటే ఏముంది, తలుపు ఎటుందో చూసి పెట్టుకోమని. తలుపు దగ్గర నువ్వే ఉంటావుగా, దారి తప్పనులే."

కానీ ఆ రోజు ఆమె మొహంలో భయంతోపాటు ఇంకేదో కూడా ఉంది. అదీ తనే చెప్పింది. సెప్టెంబర్లో ఎవరికీ చెప్పకుండా లైప్‌జిగ్ వెళ్లి టీవీవాళ్ల ముందు ఒక పాత్ర చేసి చూపించింది. ఆసుపత్రి సీరియల్. పెద్ద నర్సు పాత్ర. నెలకి మూడు రోజుల షూటింగు, ఇక్కడి నాటకాలకి అడ్డు కాదు. నువ్వే కావాలని ఫోన్లో చెప్పారట, ఒప్పందం కాగితాలు నెలాఖరులోపు కొరియర్లో పంపుతామన్నారట. ఇంటి దగ్గర పగలు ఎవరూ ఉండరని నాటకశాల అడ్రసే ఇచ్చింది.

"పధ్నాలుగేళ్లయింది, ఎగోన్, కెమెరా ముందు నిలబడి. లోపలికెళ్లగానే ఆ లైట్ల వేడికి ఏడుపొచ్చింది. సిగ్గేసింది కూడా." ఇంతలో గొంతు మార్చింది. "విను. ఈ నెలంతా ఆఫీసు నుంచి ఏ కాగితమొచ్చినా నేను లేను. చచ్చానని చెప్పు, ఫరవాలేదు. లైప్‌జిగ్ నుంచి వస్తే మాత్రం స్టేజీ మీద ఉన్నా సరే తెచ్చివ్వు. రెండూ ఉంటే చాలు నాకు. ఇక ఈ జన్మకి ఏమీ అడగను."

సరేనన్నాను. అంత తేలికైన పని ఇంకేముంటుందనుకున్నాను.

ఆఖరి వారం ఎలా గడిచిందో మా ఇల్జెని అడగాలి. నాకు తిండి సహించలేదు. సోమవారం రాలేదు, మంగళవారం రాలేదు. ఆఫీసు మెట్ల మీద ఎవరి బూట్ల చప్పుడైనా ఉలిక్కిపడేవాణ్ణి. గురువారం సాయంత్రం ఐదుకి ఆఫీసు తాళం వేశారు. క్యాంటీన్లో వంటావిడ గట్టిగా, "ఇంకేంటి సీగ్రూన్, రేపు సెలవు. పోస్టు లేదు, ఆఫీసు లేదు. గట్టెక్కేసినట్టే," అంది. ముప్పై ఒకటి మా సాక్సనీ రాష్ట్రంలో చర్చి సంస్కరణ పండుగ. కొట్లన్నీ మూసేస్తారు. మాలాంటి నాటకంవాళ్లకి, రొట్టెల కొట్లవాళ్లకి తప్ప అందరికీ సెలవే.

శుక్రవారం నాలుగింటికి ఆట. సీగ్రూన్ రెండింటికే వచ్చింది. చేతిలో కాగితం సంచి. ఆ ఒక్క పండక్కే మా దగ్గర గుండ్రటి తీపి బన్నులు చేస్తారు, నడిమధ్యన ఎర్రటి జామ్ బొట్టుతో. రెండు బన్నులు నా బల్ల మీద పెట్టి, తనొకటి తీసుకుని అక్కడే నిలబడి తింది. నేను ఫ్లాస్కులోంచి కాఫీ పోశాను.

"ఇంకా పది గంటలుంది," అంది గడియారం చూసి.

"ఉంటే ఏం? ఇవాళ ఎవడొస్తాడండీ? హోల్ట్‌కాంప్ ఊళ్లోనే లేడు. నిన్న నాలుగున్నర బండికి వెళ్లిపోయాడు."

"నోటితో అనకు." బన్ను సగం తిని సంచిలో పెట్టింది. "మిగతా సగం ఆటయ్యాక తింటా. ఉండనీ ఇక్కడే." ఏడో నంబరు గది తాళం తీసుకుని పైకెళ్లింది.

మూడుకి ఇరవై నిమిషాలుండగా మోటారుసైకిలు ఆగింది. తలకి హెల్మెట్‌తోనే ఒక కుర్రవాడు లోపలికొచ్చి, దళసరి కాగితపు తెల్ల కవరు కిటికీలో పెట్టాడు. కవరు మీద సీగ్రూన్ వెట్సెల్ అని టైపు చేసి ఉంది. పంపినవాళ్ల పేరు లేదు, అడ్రసు మాత్రం ఉంది. లైప్‌జిగ్.

"ఆవిడ చేతికే ఇవ్వాలండీ. సంతకం కావాలి."

"ఆవిడ లేకపోతే?"

"లేకపోతే వెనక్కి పట్టుకుపోతా. మళ్లీ సోమవారమే."

అతను ఆ మాట నా మొహం మీదే అన్నాడు. నేను నవ్వాను కూడా. నా బుర్రలో ఉన్నది ఒకటే: సెలవు రోజున మోటారుసైకిలిచ్చి మనిషిని పంపేది టీవీవాళ్లు కాక ఇంకెవరు? మా ఆఫీసువాళ్లు పండగపూట వేలు కూడా కదపరు. ముప్పై ఏళ్లు చూశాను.

మైకులో మాట్లాడేందుకు ఒక పద్ధతుంది: ‘శ్రీమతి వెట్సెల్ గుమ్మం దగ్గరికి రావలసిందిగా కోరుతున్నాం’ అని. నేను మైకు నొక్కి, "సీగ్రూన్ గారూ, గబగబా దిగండి. లైప్‌జిగ్ వచ్చింది," అని కేకేశాను. భవనమంతా వినిపించింది. పై అంతస్తులో ఎవరో చప్పట్లు కొట్టారు.

మెట్ల మీద చెప్పుల చప్పుడు వినిపించింది. ఆ పరుగు నేను ఏ నాటకంలోనూ వినలేదు. డ్రెస్సింగ్ గౌను చేత్తో పట్టుకుని, ఒక కంటికి మాత్రమే రంగు వేసుకుని వచ్చింది. నిలబడే సంతకం పెట్టింది. కుర్రవాడు హెల్మెట్ సర్దుకుని వెళ్లిపోయాడు. ఆమె కవరు చింపింది. ఒకటే కాగితం. టీవీ ఒప్పందం అంత పలచగా ఉంటుందా అని నేను అప్పుడైనా అనుకోవలసింది.

"ఏమండీ, నర్సేగా?" అన్నాను.

ఆమె కాగితాన్ని నాలుగు మడతలు పెట్టి గౌను జేబులో పెట్టుకుంది. రంగు వెయ్యని కన్ను నా వైపు తిప్పింది.

"లైప్‌జిగ్ నుంచే, ఎగోన్," అంది. తర్వాత, "నీ కాఫీ చల్లారిపోతోంది," అంది. నెమ్మదిగా పైకెళ్లింది.

ఆ సాయంత్రం స్పీకర్లో ఒక్క మాట తడబడలేదు. జనం మామూలుకంటే ఎక్కువే నవ్వారు. సంతోషంలో ఉంది కదా, అందుకే ఇంత బాగా చేస్తోంది అనుకున్నాను. ఆట అయిపోయాక తాళం ఇవ్వడానికొచ్చింది. నేను పళ్లన్నీ బయటపెట్టి, "మరి పార్టీ ఎప్పుడండీ?" అన్నాను.

"చూద్దాం, ఎగోన్," అంది. సగం బన్ను తీసుకోకుండానే వెళ్లిపోయింది.

సోమవారం క్యాంటీన్లో ఆఫీసు మార్గిట్ నా పక్కన కూర్చుంది. డైరెక్టరు ఉత్తరాలన్నీ టైపు చేసేది ఆమే. చాలాసేపు సూప్‌లో చెంచా తిప్పుతూ కూర్చుని, చివరికి చెప్పింది. ముప్పై ఒకటి ఇక్కడ సెలవని హోల్ట్‌కాంప్‌కి తెలియదు. వాళ్ల వైపు అది పని రోజే. శుక్రవారం పొద్దున తీరిగ్గా పిలిచి కాగితం చేతికిచ్చి, నాలుగు మంచి మాటలు చెబుదామనుకున్నాడట. గురువారం మధ్యాహ్నం మార్గిట్, "రేపు పండగ సార్" అనేసరికి మొహం పాలిపోయిందట. సీగ్రూన్ అప్పటికింకా నాటకశాలకి రాలేదు. లైప్‌జిగ్‌లో నాటకశాల లాయరుకి ఫోన్ చేసి, కాగితం ఆయన చేత పంపించే ఏర్పాటు చేసి రైలెక్కేశాడట.

"ఆమె లేదని నేనంటే?" అన్నాను.

"అంటే అయిపోయేది. సోమవారం అందినా చెల్లదు." మార్గిట్ నా వైపు చూడలేదు. "నువ్వు అంటావనే అనుకున్నా, ఎగోన్. ఎప్పుడూ అంటావుగా. అందుకే నీకు ముందుగా చెప్పలేదు."

ఎవరెవరి కోసమో ఆడిన అబద్ధం, ఆమె కోసం ఆడాల్సిన రోజున ఆడలేదు. చేతులారా చేశాను. చేతులారా అని కూడా కాదు, నోరారా. మైకు పెట్టి పిలిచి మరీ చేశాను.

అసలు టీవీ ఉత్తరం ఆ తర్వాతి గురువారం మామూలు పోస్టులో వచ్చింది. నేనే అరలో పెట్టాను. కొలోన్‌లో పేరున్న ఎవరో నటికి ఆ పాత్ర ఇచ్చామని, మన్నించమని. ఆమె దాన్ని నా ముందే చదివి, "వీళ్లకి మర్యాద తెలుసు, రెండు వాక్యాలు ఎక్కువ రాశారు," అంది.

జూన్ దాకా పనిచేసింది. ఆ ఏడాది మరో రెండు కొత్త నాటకాలు వచ్చాయి. రెండుసార్లూ నా కిటికీ దగ్గర ఆగి భుజం వంచింది, నేను తోయ్ తోయ్ తోయ్ అన్నాను, పెదవులు బిగించి వెళ్లింది. ఏమీ జరగనట్టే. నేను క్షమించమని అడగాలని నోరు తెరిచినప్పుడల్లా ఏదో ఒక పరాచికం ఆడి నా నోరు మూయించేది. ఆఖరి రోజున ఏడో నంబరు తాళం బల్ల మీద పెట్టింది. నేను దాన్ని బోర్డుకి తగిలించలేక జేబులో వేసుకున్నాను.

తర్వాత ఆరేళ్ల పైచిలుకు ఆమె బతుకు ఒక రోజు పాత్రలతో నడిచింది. లైప్‌జిగ్ వాళ్లు పిలిస్తే రైలెక్కేది. మూడో అంతస్తు పక్కింటావిడ. రొట్టెల కొట్లో వరసలో నిలబడ్డ ముసలావిడ. పోలీసులొచ్చి తలుపు కొడితే ‘ఆయన ఇంట్లో లేడు’ అనే మనిషి. ఆ మాట ఆమె నోట విన్న రోజు నేను లేచి వంటింట్లోకి వెళ్లిపోయాను. ఇల్జె టీవీ కట్టేసింది. ఒకసారి నేరపరిశోధన సినిమాలో నది ఒడ్డున శవం. మూడు నిమిషాలు కెమెరా ఆమె మొహం మీదే ఉంది. పదిహేనేళ్లు ఆమెను చూడకుండా విన్నాను. ఇప్పుడు కళ్లార్పకుండా చూస్తున్నాను, వినడానికి ఏమీ లేదు.

మా ఊరివాళ్లు మాత్రం ఆ తర్వాతే ఆమెని మళ్లీ గుర్తుపట్టడం మొదలుపెట్టారు. బజార్లో ఆపి, "మీరు ఆ శవం కదూ? కనురెప్ప కూడా కదల్లేదండీ," అని మెచ్చుకునేవాళ్లు. ఆమె వాళ్లకి తలవంచి నమస్కారం పెట్టేది. నాతో మాత్రం, "ఊపిరి బిగబట్టడం అక్టోబర్లలో నేర్చుకున్నా కదా," అంది.

ఆఖరిసారి ఆమె ఫోన్ చేసింది రెండు వేల పది నవంబర్లో. ఆసుపత్రిలో చేరాలట, కడుపులో ఏదో పెరిగిందట, పెట్టె మొయ్యడానికి రమ్మంది. పొద్దున తొమ్మిదింటికి వెళ్లాను. కాలనీలో నాలుగో అంతస్తు, లిఫ్టు లేదు. తలుపు తీసిన మనిషి సగమైపోయి ఉంది. కుట్టుమిషను మీద గుడ్డ కప్పి ఉంది. పెట్టె కట్టి గుమ్మం దగ్గర పెట్టింది. టాక్సీకి ఇంకా టైముందని కాఫీ పెట్టింది. తను తాగలేదు.

ఇక ఆపుకోలేకపోయాను. "ఆ రోజు మీరు లేరని చెప్పాల్సింది," అన్నాను. "ఒక్క మాట. నా నోట్లోనే ఉంది. వాడు వెనక్కి పట్టుకుపోతానని కూడా అన్నాడు." అరవై అయిదేళ్లవాణ్ణి, ఆ కుర్చీలో కూర్చుని పిల్లాడిలా ఏడ్చాను.

ఆమె నన్ను ఏడవనిచ్చింది. ఈసారి పరాచికం ఆడలేదు.

"నా గదికీ నీ కిటికీకీ మధ్య ఎన్ని మెట్లో తెలుసా?" అంది చివరికి.

తెలియదన్నాను.

"ఇరవై రెండు. ఆ రోజు రెండేసి చొప్పున దిగాను, యాభై ఒక్క ఏళ్ల దాన్ని. నీ గొంతు అంత సంతోషంగా నేనెప్పుడూ వినలేదు, ఎగోన్. దిగినంతసేపూ నాకు రెండూ ఉన్నాయి. స్టేజీ ఉంది, టీవీ ఉంది. పదిహేనేళ్లు దాటేశాను. ఇక నన్ను ఎవరూ కదపలేరు." తన చేతులు చూసుకుంది. "బెర్లిన్‌లో ఉన్నప్పుడు కూడా నేను అంత నిశ్చింతగా లేను. నువ్వు లేదని చెప్పి ఉంటే ఉద్యోగం ఉండేది. కాదనను. అది పోయిందని ఏడవని రోజు లేదు, అదీ కాదనను. కానీ ఆ మెట్లు ఇచ్చింది నువ్వే. నాకు ఇంకెవరూ అంత ఇవ్వలేదు."

కింద టాక్సీ హారన్ మోగింది. ఆమె లేచి కోటు వేసుకుంది, గ్యాసు కట్టేసిందో లేదో రెండుసార్లు చూసుకుంది. గుమ్మం దగ్గరికొచ్చి, అలవాటు ప్రకారం ఎడమ భుజం కాస్త వంచింది. నేను మూడుసార్లు తూతూమన్నాను.

"తోయ్ తోయ్ తోయ్, సీగ్రూన్."

పెదవులు బిగిస్తుందని చూశాను. ఆమె నా మొహంలోకి నేరుగా చూసింది.

"థాంక్స్, ఎగోన్," అంది.

పెట్టె ఎత్తుకుని ముందు నడిచాను. ఆమె కమ్మీ పట్టుకుని, ఒక్కో మెట్టూ ఆగి ఆగి, నా వెనకే దిగింది.